కొలతల కొలువు

పొన్నోజు మౌనేశ్వరాచారి రాష్ట్రానికి బరువు ప్రమాణంగా ఉన్న పదకొండేళ్లలో ఒక్క గ్రాము కూడా తగ్గలేదు. ఆయన చిక్కిపోయినప్పుడల్లా రాష్ట్రంలో ఉన్న మిగతావన్నీ బరువెక్కాయి. ఉత్తర్వు ప్రకారం ఆయన అరవై నాలుగు కిలోలు. ఆయన భార్య మాణిక్యాంబ కళ్లకు మాత్రం పైకి తేలిన మెడ ఎముకలు, వదులైన ఉంగరం, చొక్కా లోపలి ఖాళీ కనిపించేవి. కళ్లు ఆమోదించిన పరికరాల జాబితాలో లేవు కనుక ఆ సంగతిని ఎవరూ నమోదు చేసుకోలేదు.

ఆచారి గారు పుట్టుకతో ప్రమాణం కారు. రామచంద్రపురం బజారులో ఆయన తండ్రి బంగారప్పని చేసేవాడు. ఆయన దగ్గర ఒక చిన్న త్రాసు, గుప్పెడు గురివింద గింజలు ఉండేవి. నగ తూచేటప్పుడు ఊపిరి బిగబట్టేవాడు. ఊపిరి తగిలితే త్రాసు అబద్ధం చెబుతుందని ఆయన నమ్మకం. ఆ ఊపిరి బరువెంతో తెలుసుకోవాలని కొడుకు భౌతికశాస్త్రం చదివాడు. వాల్తేరులో ఎమ్మెస్సీ అయ్యాక, త్రాసు కాడను మోసే రాతి అంచు మీద ఆరేళ్లు పరిశోధన చేశాడు. అంచు ఎంత పదునుగా ఉంటే త్రాసు అంత నిజం చెబుతుందని, మరీ పదునైతే అంచే విరుగుతుందని తేల్చాడు. అందుకు డాక్టరేటు ఇచ్చారు. పట్నంలో ప్రామాణిక కొలతల కార్యాలయంలో ఉద్యోగమూ ఇచ్చారు.

ఆ ఉద్యోగంలో ఇరవై ఏళ్లపాటు ఆయన చేసిందంతా పరికరాల సేవే. సముద్రపు గాలికి కాలేజీల మైక్రోస్కోపుల అద్దాలకు బూజు పట్టేది. ఆయన రేకు పెట్టెలో చిన్న బల్బు వెలిగించి, ఆ వెచ్చదనంలో అద్దాలను దాచడం నేర్పాడు. ఎవరు వచ్చినా ముప్పై ఏడే చూపించే థర్మామీటర్లను సరిచేశాడు. ఒకసారి వాన పడని ఏడాదిలో ఒక జిల్లా అధికారి వానను కొలిచే గొట్టాన్ని పంపి, దీనిలో కాస్త ఎక్కువ పడేలా చూడమని కోరాడు. ఆచారి గారు గొట్టాన్ని తుడిచి, మూత పెట్టి, అలాగే తిరిగి పంపాడు. వెంట ఒక చీటీ: "పరికరానికి అభిప్రాయం ఉండకూడదు." ఆ చీటీ కార్యాలయంలో చాలాకాలం గోడకు అంటించి ఉండేది.

ఆయన చేసినవాటిలో గొప్పది ఒక పెద్ద త్రాసు. మనిషి ఎత్తు, రెండు వైపులా మనిషి కూర్చోగలిగే పళ్లాలు, అయినా ఎంత సున్నితమంటే చీమ ఎక్కినా ముల్లు కదిలేది. మూడేళ్లు పట్టింది. అది పూర్తయిన రోజున మాణిక్యాంబను కార్యాలయానికి తీసుకెళ్లి, ఒక తెల్ల కాగితాన్ని తూచాడు. తర్వాత దాని మీద పెన్సిలుతో ఆమె పేరు రాసి మళ్లీ తూచాడు. ముల్లు వెంట్రుకవాసి కదిలింది.

"చూశావా మాణిక్యం, నీ పేరుకి ఎంత బరువుందో."

"ఇంకాస్త గట్టిగా నొక్కి రాయాల్సింది," అంది ఆమె. ఆయన నవ్వాడు. ఆయన కార్యాలయంలో నవ్వడం అదొక్కసారే చూశామని తర్వాత అక్కడివాళ్లు చెప్పుకున్నారు.

ఆ త్రాసుకే ఆయనకు పదోన్నతి ఇచ్చారు. ఉత్తర్వు చిత్తుప్రతిలో ఇలా ఉంది: "శ్రీ మౌనేశ్వరాచారి గారిని రాష్ట్ర ప్రామాణిక కొలతల కొలువులోకి తీసుకోవడమైనది." టైపు చేసిన సువార్తమ్మ శ్రద్ధగల మనిషి. కొలతలు, కొలువు అని ఒకే మాట రెండుసార్లు పడిందనుకుని, రెండోది తీసేసింది. ఉత్తర్వు ఇలా అచ్చయింది: "శ్రీ మౌనేశ్వరాచారి గారిని రాష్ట్ర ప్రామాణిక కొలతలలోకి తీసుకోవడమైనది."

ఆచారి గారు కాగితం పట్టుకుని సూపరింటెండెంటు తాతాజీ దగ్గరకు వెళ్లాడు.

"తాతాజీ గారూ, ఇందులో ఒక మాట పోయింది."

తాతాజీ కళ్లజోడు పెట్టుకుని చదివాడు. "నిజమేనండీ. చిత్తులో ఉన్నప్పుడు చెబితే తప్పు అనేవాణ్ణి. ఇప్పుడు అచ్చయింది. అచ్చయింది తప్పు కాదండీ, ఉత్తర్వు."

ఏ కొలతగా తీసుకున్నారో ఉత్తర్వులో లేదు కనుక, నిర్ణయించడానికి ముగ్గురితో ఒక సంఘం వేశారు. పొడవుకు ఆయన పనికిరాడు, కూర్చుంటే మారిపోతాడు. కాలానికి పనికిరాడు, సోమవారాలు ఆలస్యంగా వస్తాడు. బరువుకు అభ్యంతరం కనిపించలేదు. ఆ రోజున తూచితే సరిగ్గా అరవై నాలుగు కిలోలు వచ్చింది. భిన్నాలు లేకుండా రావడం శుభమని సంఘం రాసింది. ఒకే పనికి రెండు ప్రమాణాలు ఉండరాదన్న నిబంధన ప్రకారం, అప్పటిదాకా ఇనప్పెట్టెలో ఉన్న ఉక్కు ప్రమాణాన్ని తీసి పాతసామానుకు ఇచ్చేశారు.

ఆ మర్నాటి నుంచి ఆయన పేరు ఉద్యోగుల పుస్తకంలో కొట్టేసి, పరికరాల పుస్తకంలో రాశారు. కార్యాలయం ఆవరణలోనే అద్దాల తలుపుల గది కట్టించి, చల్లదనం ఎప్పుడూ ఒకేలా ఉండే ఏర్పాటు చేశారు. మాణిక్యాంబను కూడా అక్కడికే మార్చారు. ఆమెను ఎందులో రాయాలన్న ప్రశ్న వచ్చింది. పరికరంతో పాటు వచ్చిన సామగ్రి అని రాశారు. ఆయన్ని తాకాల్సిన వాళ్లు నూలు తొడుగులు వేసుకోవాలి. గోళ్లు, వెంట్రుకలు కత్తిరిస్తే కవరులో పెట్టి, తేదీ వేసి, ముద్ర వేయాలి. అవీ ప్రమాణంలో భాగమే. మాణిక్యాంబకు మొదట్లో తొడుగులు వేసుకుని భర్త తలకు నూనె రాయడం కష్టంగా ఉండేది. తర్వాత అలవాటైంది.

ఏటా చైత్రంలో జిల్లాల నుంచి ఇత్తడి తూకం రాళ్లు వచ్చేవి. పెద్ద త్రాసులో ఒక పళ్లెంలో ఆచారి గారు కూర్చునేవాడు. రెండో పళ్లెంలో అరవై నాలుగు కిలోల రాళ్లు పెట్టేవారు. ముల్లు మధ్యకు రావాలి. రాకపోతే రాళ్లను అరగదీసేవారు. ఆ రాళ్లతో జిల్లాల త్రాసులను, ఆ త్రాసులతో రేషను దుకాణాలను, ఆసుపత్రులను, ధాన్యం కొనే కేంద్రాలను సరిచేసేవారు. అంతా పద్ధతి ప్రకారం జరిగేది.

మొదటి ఏడాదే ఆయనకు విషజ్వరం వచ్చి నీరసించాడు. చైత్రం వచ్చేసరికి రాళ్ల వైపు పళ్లెం కిందికి దిగింది. తాతాజీ పుస్తకంలో "రాళ్లు బరువెక్కాయి" అని రాసి, అరగదీయించాడు.

ఆచారి గారి దగ్గర చదువుకునే రోజుల్లో చేసుకున్న ఒక స్ప్రింగు ఉండేది. రాళ్లతో పనిలేకుండా, ఎంత సాగితే అంత బరువు. దాన్ని గదిలో దూలానికి కట్టి, చేతులతో పట్టుకుని వేలాడి, ముల్లు ఆగిన చోట గోడ మీద పెన్సిలుతో గీత పెట్టించాడు. గదిలోకి వచ్చిన రోజున పెట్టించిన పాత గీతకు, ఈ కొత్త గీతకు మధ్య గోరంత దూరం ఉంది.

"ఆరు వందల గ్రాములు తగ్గాను, మాణిక్యం."

"జ్వరానికి ఆ మాత్రం తగ్గరా ఏమిటి? వారం రోజులు నెయ్యి వేసి పెడితే వస్తుంది."

"నేను తగ్గడం కాదు సమస్య. నేను తగ్గినట్టు ఎక్కడా లేకపోవడం." ఆయన వెంటనే పైకి ఉత్తరం రాశాడు. తాను తగ్గానని, రాళ్లు తప్పని, రాష్ట్రంలో కిలో అనేది కిలో కాదని వివరంగా లెక్కకట్టి రాశాడు. పది రోజులకు జవాబు వచ్చింది. ప్రమాణం తన గురించి తాను సాక్ష్యం చెప్పరాదు. స్ప్రింగు సామగ్రి ఆధీనంలో ఉంది కనుక చెల్లదు. పైగా, పరికరానికి అభిప్రాయం ఉండకూడదని వారే స్వయంగా రాసిన చీటీని గుర్తు చేయడమైనది. ఆయన ఉత్తరాన్ని మాత్రం పారేయలేదు. మరమ్మతుల పుస్తకంలో అతికించి, పక్కన "పరికరం శబ్దం చేస్తోంది" అని రాశారు.

ఆయన ఏటా ఒక ఉత్తరం రాశాడు. ఏటా ఆ మాటే రాశారు.

కొన్నాళ్లకు మేలు కనిపించడం మొదలైంది. రైతుల పొలాల్లో దిగుబడి పెరిగింది. అదే బస్తా ఇప్పుడు ఎక్కువ తూగుతోంది. పుట్టిన పిల్లలు బరువుగా పుడుతున్నారు. రెండున్నర కిలోలకు తక్కువ పుట్టిన బిడ్డను బలహీనమైన బిడ్డగా రాయాలని నియమం. అలా రాసే అవసరం జిల్లా తర్వాత జిల్లాలో తగ్గిపోయింది. పోషకాహార లోపం తగ్గిందని సభలు జరిగాయి. ఇంత వేగంగా ఎలా సాధించారో చూడ్డానికి పక్క రాష్ట్రాల వాళ్లు వచ్చి, అంగన్వాడీలలో పిల్లల ఫోటోలు తీసుకెళ్లారు. ఫోటోలలో పిల్లలు సన్నగానే ఉన్నారు. ఇక్కడి ఎముకలు గట్టివని వాళ్లకు వివరించారు.

రేషను బియ్యం మనిషికి ఐదు కిలోలు, ఎప్పటిలాగే. సంచిలో చోటు మిగిలేది. మొదట్లో ఆడవాళ్లు గొడవపడ్డారు. దుకాణందారు మళ్లీ తూచి చూపించేవాడు; ఐదే. కొన్నాళ్లకు వాళ్లు చిన్న సంచులు తెచ్చుకోవడం మొదలుపెట్టారు.

మాణిక్యాంబకు ఈ లెక్కలు మొదట పట్టలేదు. ఆమెకు పట్టింది గిన్నె. ప్రమాణానికి పూటకు నాలుగు వందల గ్రాముల అన్నమని నియమం. దాన్ని తాతాజీ స్వయంగా, ముద్ర వేసిన త్రాసులో తూచి ఇచ్చేవాడు. ఐదో ఏడు గడిచేసరికి ఆమె ఒక సంగతి గమనించింది.

"ఏమండీ, గిన్నె అదే. అన్నం తగ్గుతోంది."

ఆచారి గారు చేయి ఆపి, గిన్నెలోకి చూశాడు. ఆయన ముఖంలో ఒక క్షణం వెలుగు కనిపించింది. పరిశోధన చేసే రోజుల్లో జవాబు దొరికినప్పుడు అలా ఉండేదేమోనని ఆమెకు తర్వాత అనిపించింది.

"అవును కదూ! నా అన్నాన్ని నాతోనే తూస్తున్నారు. నేను తగ్గితే రాయి తగ్గుతుంది. రాయి తగ్గితే అన్నం తగ్గుతుంది. అన్నం తగ్గితే నేను తగ్గుతాను." వేలితో గాలిలో గుండ్రంగా గీశాడు. "చాలా శుభ్రమైన అమరిక మాణిక్యం. ఎక్కడా లోపం లేదు."

"లోపం లేకపోతే ఏం లాభం? తినండి ముందు," అంది ఆమె.

ఆ రోజు నుంచి ఆమె దొంగతనంగా సున్నుండలు చేసి పెట్టేది. ఆయన ఇష్టంగానే తినేవాడు. తినడం తన ధర్మమని కూడా చెప్పేవాడు. తాను ఒక కిలో పెరిగితే రాష్ట్రంలో ఒక్కో ఇంట్లో పిడికెడు బియ్యం పెరుగుతాయని. రెండు నెలలకు గోడ మీద గీత కాస్త కిందికి జరిగింది కూడా. అయితే ఆ చైత్రంలో రాళ్లు చాలక, కొత్త రాళ్లు చేయించాల్సి వచ్చింది. ఒక్క వారంలో నలభై వేల మంది పిల్లలు బలహీనుల జాబితాలో చేరారు. పైనుంచి విచారణ వచ్చింది. గదిలో నెయ్యి వాసన పట్టుకున్నారు. కొత్త నియమం తలుపుకు అంటించారు: "ప్రమాణం పెరుగుటకు అనుమతి లేదు. తగ్గుట అసాధ్యము కనుక దానికి నియమం అవసరం లేదు."

పదకొండో ఏడు మొదట్లో ఆయనకు దగ్గు పట్టుకుంది. నెల దాటినా తగ్గలేదు. ఆసుపత్రి నుంచి డాక్టరు నూర్జహాన్ను పిలిపించారు. ఆమె నూలు తొడుగులు వేసుకుని, వీపు మీద గొట్టం పెట్టి విని, కఫం పరీక్ష చేయించి, క్షయ అని తేల్చింది.

"భయం లేదండీ, ఇప్పుడిది మామూలు జబ్బే. ఆరు నెలలు మందులు, కడుపునిండా తిండి. ఈయన పది పన్నెండు కిలోలు పెరగాలి."

"పెరగడానికి వీల్లేదమ్మా," అంది మాణిక్యాంబ.

"ఎవరన్నారు?"

"తలుపు మీద ఉంది."

డాక్టరు చదివి, తను తెచ్చిన త్రాసు మీద ఆయన్ని నిలబెట్టింది. అరవై నాలుగు. ఆయన పక్కటెముకల వైపు చూసింది. మళ్లీ త్రాసు వైపు చూసింది.

"నా కళ్లను నమ్మాలా, దీన్ని నమ్మాలా సార్?"

"దాన్నే నమ్మాలండీ," అన్నాడు ఆచారి గారు, దగ్గు ఆపుకుంటూ. "దాన్ని సరిచేసింది నన్ను చూసే కదా."

ఆ జబ్బుకు మాత్రలు బరువును బట్టి ఇస్తారు. అరవై నాలుగు కిలోల మనిషికి ఎన్నో అన్నీ ఇచ్చారు. స్ప్రింగు గీత ప్రకారం ఆయన యాభై రెండు. ఆ మాత్రలను ఆ శరీరం మోయలేకపోయింది. తిన్న నాలుగు మెతుకులూ బయటికి వచ్చేవి. తక్కువ మాత్రలు రాయమని మాణిక్యాంబ బతిమాలింది. బరువు చూపకుండా చీటీ రాస్తే మందుల గదిలో ఇవ్వరని, బరువు చూపితే అంతే రాయాలని డాక్టరు చెప్పింది. ఇంట్లో పెట్టుకుని, చేతి వంట తినిపించి, నెమ్మదిగా మందు అలవాటు చేస్తే బతుకుతాడని మాత్రం మెల్లగా అంది.

ఇంట్లో పెట్టుకోవాలంటే సెలవు కావాలి. మాణిక్యాంబ ఉతికిన చీర కట్టుకుని, డాక్టరు చీటీతో తాతాజీ గది ముందు నిలబడింది.

"రండమ్మా, కూర్చోండి," అన్నాడు తాతాజీ. ఆయన చెడ్డవాడు కాదు. చీటీ చదివి నిట్టూర్చాడు. "సెలవు మనుషులకుంటుందమ్మా. పరికరాలకు మరమ్మతు ఉంటుంది."

"అదే ఇప్పించండి బాబూ."

"మరమ్మతుకు తయారు చేసినవాళ్లకు పంపాలి. తయారు చేసినవాళ్లెవరు?"

"వాళ్ల నాన్నగారు. పోయి ఇరవై ఏళ్లయింది."

"అంటే కంపెనీ మూతపడినట్టే." తాతాజీ ఆ గడిలో గీత గీశాడు. "సర్వీసు దొరకదమ్మా."

మాణిక్యాంబ కాసేపు బల్ల వైపు చూసింది. ఆ బల్ల మీద పదకొండేళ్ల కిందటి ఉత్తర్వు అద్దం కింద ఉంది.

"ఆ పోయిన మాట తిరిగి పెట్టండి బాబూ. ఒక్క మాటే. కొలువు. అది ఉంటే ఆయన మనిషి. మనిషైతే సెలవొస్తుంది."

"పెట్టడానికి నిమిషం పట్టదమ్మా. కానీ పెట్టగానే ప్రమాణం ఖాళీ అవుతుంది. ప్రమాణం ఒక్క పూట ఖాళీగా ఉన్నా రాష్ట్రంలో దేనికీ బరువుండదు. అందుకే ఈ పుస్తకంలో బదులు ప్రమాణం అని ఒక గడి ఉంది చూడండి. పదకొండేళ్లుగా ఖాళీ. ఎవరూ ముందుకు రావడం లేదు. మీరు ఒకళ్లను తీసుకురండి, ఇప్పుడే రాసేస్తాను."

"నేనున్నాను కదా. నేను కూర్చుంటాను."

తాతాజీ నిజంగా ఆలోచించాడు. నిబంధనల పుస్తకం తీసి, వేలు తడి చేసుకుని పేజీలు తిప్పాడు. మాణిక్యాంబ ఆ వేలినే చూస్తూ నిలబడింది. ఆయన చివరికి పుస్తకం మూశాడు.

"మీరు సామగ్రి కింద ఉన్నారమ్మా. అసలు పరికరం పనిచేస్తుండగా సామగ్రి దాని స్థానంలోకి రాకూడదు."

"ఆయన పనిచేయడం లేదు బాబూ. లేచి నిలబడలేకపోతున్నారు."

"తూగుతున్నారు కదమ్మా. తూగినంత కాలం పనిచేస్తున్నట్టే."

ఆమె సువార్తమ్మ దగ్గరకూ వెళ్లింది. సువార్తమ్మ ఈ పదకొండేళ్లలో ముసలిదైపోయింది. మాణిక్యాంబ చేతులు పట్టుకుని ఏడ్చింది. "నేను మంచికే తీసేశానక్కా. రెండుసార్లు పడిందనుకున్నాను. మా ప్రార్థనలో కూడా ప్రతి ఆదివారం ఆ మాట కోసం అడుగుతున్నాను." ఉత్తర్వు లేకుండా అక్షరం కదల్చే అధికారం మాత్రం ఆమెకు లేదు.

తిరిగి వచ్చి చెబితే ఆచారి గారు కోప్పడలేదు. మంచం మీద పక్కకు తిరిగి, "ఉత్తర్వులో దోషం లేదు మాణిక్యం, తాతాజీ తర్కం సరిగ్గానే ఉంది," అన్నాడు. "తప్పంతా మొదటి అంచులో ఉంది. అక్కడ వెంట్రుకవాసి పక్కకు కూర్చుంటే, మిగతా త్రాసంతా ఎంత నిజాయితీగా పనిచేస్తే అంత తప్పు చూపిస్తుంది." ఆ మాత్రానికే ఆయాసపడ్డాడు. ఆమె తొడుగులు తీసి పక్కన పెట్టి, ఉత్త చేతులతో ఆయన గుండె మీద నిమిరింది. అద్దాల తలుపు అవతల ఎవరో ఆ సంగతి రాసుకున్నారు.

ఫాల్గుణంలో ఒక మధ్యాహ్నం, అన్నం తూచి తెచ్చేలోపల ఆయన పోయాడు.

కార్యాలయంలో చాలా మంది వచ్చి చూసి, తల వంచుకుని నిలబడ్డారు. డాక్టరు నూర్జహాన్ కాగితం రాసింది. బరువు గడిలో అరవై నాలుగే రాయాల్సి వచ్చింది. మాణిక్యాంబ వాళ్లలో పోయినవాళ్లను కూర్చోబెట్టి పూడుస్తారు. అందుకు మనుషులను పిలిపించింది. వాళ్లు గేటు దగ్గరే ఆగాల్సి వచ్చింది. బదులు లేకుండా ప్రమాణాన్ని ఆవరణ దాటించరాదు. ఆ రాత్రంతా ఆయన చల్లటి గదిలోనే ఉన్నాడు.

రెండో రోజు పొద్దున్నే తాతాజీ వచ్చాడు. ఆయన ముఖం వెలిగిపోతోంది. తప్పనిపించి దాన్ని దిద్దుకున్నాడు.

"అమ్మా, ఇప్పుడు కుదురుతుంది. రాత్రంతా చూశాను. విధుల్లో ఉండగా పోయినవారి స్థానంలో వారి మీద ఆధారపడ్డవారిని కారుణ్యం కింద తీసుకోవచ్చు. అసలు పరికరం లేదు కనుక సామగ్రి అన్న అడ్డంకి కూడా పోయింది."

మాణిక్యాంబ తాతాజీ చేతిలోని కాగితం వైపు, అద్దం వెనక ఉన్న భర్త వైపు చూసింది.

"నేను ఒప్పుకుంటే ఆయన్ని బయటికి పంపిస్తారా?"

"ఆ నిమిషమేనమ్మా."

"ఆ మాట కూడా పెట్టాలి. ఆయన కొలతగా పోకూడదు."

తాతాజీ ఆలోచించాడు. ఇప్పుడు బదులు ప్రమాణం ఉంది కనుక అభ్యంతరం కనిపించలేదు. సువార్తమ్మను పిలిచారు. ఆమె పాత ఉత్తర్వును మిషనులో పెట్టి, తెల్లరంగు పూసి, ఆరాక, కొలతల పక్కన కొలువులోకి అని కొట్టింది. తాతాజీ చెప్పినట్టే నిమిషం పట్టలేదు. మౌనేశ్వరాచారి పదకొండేళ్ల వెనక నుంచి మళ్లీ ఉద్యోగి అయ్యాడు. ఆ పదకొండేళ్ల తూకాలు మాత్రం యథాతథంగా చెల్లుతాయని కింద ఒక వాక్యం చేర్చారు. ఆయన ఖాతాలో వాడుకోని సెలవులు మూడు వందల ముప్పై రోజులు తేలాయి.

ఆ సాయంత్రం వెలుగుండగానే ఆయన్ని పూడ్చారు. మర్నాడు మాణిక్యాంబ పెద్ద త్రాసు పళ్లెంలో కూర్చుంది. స్ప్రింగు ప్రకారం ఆమె నలభై ఒకటి. కొత్త ఉత్తర్వు ప్రకారం అరవై నాలుగు. రాళ్లను చాలా అరగదీయాల్సి వచ్చింది. ఇత్తడి పొడి తట్టల్లో ఎత్తారు.

ఆ ఏడాది రాష్ట్రంలో బలహీనమైన బిడ్డ ఒక్కటి కూడా పుట్టలేదు. పిల్లలు మరీ బరువెక్కుతున్నారని, బడిలో పెట్టే భోజనం కాస్త తగ్గించమని డాక్టర్లకు పైనుంచి సలహా వచ్చింది. రేషను దుకాణాల్లో ఐదు కిలోల బియ్యాన్ని ఆడవాళ్లు కొంగులో పోయించుకుని వెళ్లడం మొదలుపెట్టారు. తూకంలో తేడా ఉందని ఎవరూ అనలేదు. కొంగు బరువుగానే ఉందని కూడా కొందరు చెప్పారు.

తాతాజీ మొదటి రోజు ఆమె అన్నాన్ని తనే తూచి తెచ్చాడు. నాలుగు వందల గ్రాములు. పళ్లెం మధ్యలో చిన్న కుప్ప. పట్టుకొచ్చి కింద పెట్టి, కాస్త ఇబ్బందిగా నిలబడ్డాడు.

"సరిపోతుందా అమ్మా? చాలకపోతే చెప్పండి, పైకి రాస్తాను."

మాణిక్యాంబ పళ్లెం వైపు చూసింది. పెళ్లయిన నాటి నుంచి, అందరికీ వడ్డించాక గిన్నె అడుగున గరిటెతో గీరితే వచ్చేది ఇంతే. అత్తగారింట్లోనూ ఇంతే, ఆడపడుచుల పెళ్లిళ్లలోనూ ఇంతే. దాన్ని ఎప్పుడూ ఎవరూ తూచలేదు.

"చాలండీ. నాకెప్పుడూ ఇంతే."

"ఎప్పుడూ ఇంతేనా?"

"అందరూ తిన్నాక కూర్చుంటాం కదండీ."

తాతాజీ పుస్తకంలో "స్థిరం" అని రాశాడు. రాసి, వెంటనే వెళ్లిపోలేదు. కలం మూత పెట్టి, మళ్లీ తీశాడు.

"మా ఆవిడా అంతేనమ్మా. అందరం తిన్నాకే కూర్చుంటుంది. ఏం తింటుందో నేనెప్పుడూ చూడలేదు." ఆయన పేజీ తిప్పాడు. బదులు ప్రమాణం అన్న గడి దగ్గర ఆగి, పొందికైన అక్షరాలతో తన భార్య పేరు రాశాడు. వయసు రాశాడు. చిరునామా రాశాడు. పక్కన బరువు గడి దగ్గర కలం ఆగింది.

"ఎంతుంటుందో తెలీదమ్మా. ఎప్పుడూ తూచలేదు."

మాణిక్యాంబ ముద్ద కలుపుకుంటూ తలెత్తకుండానే అంది.

"అరవై నాలుగు అని రాసెయ్యండి."